మాటామంతీని మిల్లీసెకన్లలో చూపే ఎలాన్: తెలుగు సంభాషణకి ఎంతవరకు పనికొస్తుంది?

"ఆదివారం భోజనానికి రండి వదినా" అని ఫోన్‌లో ఒకరు పిలుస్తారు. అవతల 0.7 సెకను నిశ్శబ్దం. ఆ తర్వాత "ఆఁ... రావాలనే ఉంది గానీ..." అని జవాబు. "రాను" అనే మాట ఎక్కడా రాలేదు. అయినా పిలిచినావిడకి ఆ నిశ్శబ్దంలోనే సంగతి అర్థమైపోయింది. మాటలు మాత్రమే రాసుకుంటే ఈ 0.7 సెకను కాగితం మీదికి రాదు, దాంతోపాటు అసలు విషయమూ రాదు. నిత్య సంభాషణని చదవాలనుకునేవాళ్ళకి ఇలాంటి జాగాల్ని పట్టి ఉంచే పనిముట్టు కావాలి. ఆ పనికి ఎలాన్‌ని మించిన ఉచిత సాఫ్ట్‌వేర్ మాకు కనబడలేదు.

దీన్ని నెదర్లాండ్స్‌లోని నైమేగెన్‌లో ఉన్న మాక్స్ ప్లాంక్ సైకోలింగ్విస్టిక్స్ సంస్థవాళ్ళు తయారుచేశారు. విండోస్, మ్యాక్, లినక్స్ మూడింటిలోనూ నడుస్తుంది. ఆడియో లేదా వీడియో పైన, దాని కింద ఒక్కో మనిషికి ఒక్కో వరుస. ఈ వరుసని టైర్ అంటారు. ఒకే టైర్‌లో రెండు మాటల ముక్కలు ఒకదాని మీద ఒకటి పడటానికి వీల్లేదు, వేరువేరు టైర్లలో పడొచ్చు. మొదట్లో చాలామందికి ఇది అడ్డుగా అనిపిస్తుంది కానీ దీని బలమంతా ఇందులోనే ఉంది. ఇద్దరు ఒకేసారి మాట్లాడితే ఎవరు ఎప్పుడు మొదలుపెట్టారో, ఎవరు ముందు తగ్గారో కళ్ళముందు కనిపిస్తుంది.

తెలుగులో ఇది ఎందుకంత ముఖ్యమో చెప్పాలి. హార్వీ శాక్స్, ఇమాన్యుయేల్ షెగ్లాఫ్, గెయిల్ జెఫర్సన్ ముగ్గురూ 1974లో మాట్లాడే వంతుల మీద (ఎవరి తర్వాత ఎవరు, ఎప్పుడు అందుకుంటారన్నది) రాసిన వ్యాసంలో ఒక మాట అన్నారు: వాక్యం పూర్తయ్యాక తగిలించే పిలుపు మాటల దగ్గర అవతలివాళ్ళు అందుకోవడం మామూలే అని. మనకి వాక్యం చివర "అండీ", "వదినా", "రా", "అమ్మా" లేని సంభాషణ ఉంటుందా? "ఎప్పుడొచ్చారు అన్నయ్యా" అంటే "వచ్చారు" దగ్గరే జవాబు మొదలైపోతుంది, "అన్నయ్యా" మీద "ఇప్పుడే" పడుతుంది. వర్డ్ ఫైల్లో రాసుకున్నవాళ్ళు దీన్ని మాటకి అడ్డు రావడంగా లెక్కేస్తారు. ఎలాన్‌లో రెండు టైర్లూ పక్కపక్కన పెట్టి చూస్తే, మాట పూర్తయ్యాకే అందుకున్నారని తేలుతుంది.

ఇక పని మొదలుపెట్టే పద్ధతి. ఆడియో వేవ్ ఫైల్‌గా ఉండాలి. ఎంపీత్రీ ఇస్తే వినిపిస్తుంది కానీ తరంగ రేఖ (ధ్వని హెచ్చుతగ్గుల్ని చూపే గీత) రాకపోవచ్చు, అది లేకుండా హద్దులు పెట్టడం గుడ్డి పని. 48 కిలోహెర్ట్జ్, 16 బిట్, మోనో అయితే గంటకి సుమారు 345 మెగాబైట్లు పడుతుంది. ఇద్దరికీ విడివిడిగా కాలర్ మైకులు పెట్టి స్టీరియోలో ఎడమకి ఒకరిని, కుడికి ఒకరిని పంపగలిగితే ఇంకా మేలు. ఫోన్‌తో తీసిన వీడియోతో జాగ్రత్త. చాలా ఫోన్లలో ఫ్రేమ్ రేటు మారుతూ ఉంటుంది కాబట్టి పదిహేను ఇరవై నిమిషాలకి పెదవులకీ మాటకీ పొంతన తప్పుతుంది. ముందే హ్యాండ్‌బ్రేక్ అనే వీడియో మార్పిడి సాఫ్ట్‌వేర్‌లో స్థిరమైన ఫ్రేమ్ రేటుకి మార్చుకోండి.

సెగ్మెంటేషన్ మోడ్‌లో ఎంటర్ ఒకసారి కొడితే ముక్క మొదలు, రెండోసారి కొడితే ముగింపు. ఒక్కో విడతలో ఒక్క మనిషినే వినండి, ఇద్దరినీ ఒకేసారి పట్టుకోబోతే రెండూ చెడతాయి. ఈ విడతలో హద్దులు ఉజ్జాయింపుగా ఉన్నా పరవాలేదు, తర్వాత తరంగ రేఖ చూసి సరిచేసుకోవచ్చు. మన మాటలు ఎక్కువగా అచ్చుతో ముగుస్తాయి కాబట్టి అసలు కష్టం ఇక్కడే వస్తుంది. "రండి"లోని "ఇ" మెల్లగా సన్నబడుతూ ఊపిరిలో కలిసిపోతుంది. ఎక్కడ ఆగిందని పెట్టాలి? ఏదో ఒక నియమం పెట్టుకుని (కంఠ ధ్వని ఆగినచోటు, ఊపిరి కాదు) చివరిదాకా అదే పాటించాలి. ఒకచోట ఊపిరిని కలిపి, ఇంకోచోట వదిలేస్తే 0.2 సెకను నిశ్శబ్దం మీద కట్టిన వాదన కూలిపోతుంది.

తర్వాత ట్రాన్‌స్క్రిప్షన్ మోడ్. ముక్కలన్నీ గళ్ళలో వస్తాయి, గడిలోకి వెళ్తే దానంతటదే వినిపిస్తుంది, ట్యాబ్ కొడితే మళ్ళీ, ఎంటర్ కొడితే తర్వాతి గడికి. ఇంత హాయిగా రాసుకునే ఏర్పాటు ఇలాంటి వేరే సాఫ్ట్‌వేర్లలో అరుదు. అయినా తొందరపడొద్దు. సంభాషణ రాతకి జెఫర్సన్ ఏర్పరచిన గుర్తులన్నీ పెట్టి, ఊపిరి, నవ్వు, సాగదీతతో సహా రాస్తే నలుగురి మాటల్లో ఒక్క నిమిషానికి గంట పైనే పట్టొచ్చు.

తెలుగు టైపింగ్ దగ్గర తిప్పలు ఉన్నాయి. సాగదీతకి రెండు చుక్కల గుర్తు (:) పెట్టాలి. అది విసర్గలా (ః) కనిపిస్తుంది కాబట్టి చేయి తప్పి విసర్గ కొడితే కంటికి తేడా తెలియదు, వెతికినప్పుడు మాత్రం దొరకదు. "ఆఫీస్‌కి" వంటి మాటల్లో కంటికి కనబడని జోడింపు నిరోధక అక్షరం ఒకచోట ఉండి ఇంకోచోట లేకపోయినా ఇదే గతి. రెగ్యులర్ ఎక్స్‌ప్రెషన్‌తో (మాట బదులు అక్షరాల నమూనా ఇచ్చి) వెతికేవాళ్ళు మరోటి గుర్తుంచుకోవాలి: మాటలోని ఏ అక్షరమైనా అని చెప్పే బ్యాక్‌స్లాష్ డబ్ల్యూ (\w) తెలుగు అక్షరాల్ని పట్టుకోదు. 0సీ00 నుంచి 0సీ7ఎఫ్ దాకా యూనికోడ్ పరిధి ఇవ్వాలి. అరసున్న మాత్రం వదలొద్దు. అవుననే "ఆఁ", "ఏంటీ?" అని అడిగే "ఆఁ?", ఊ కొట్టే "ఊఁ" ఒక్కోటి ఒక్కో పని చేస్తాయి. ఊ కొట్టడాన్ని సంభాషణలోంచి తీసేస్తే కథ చెప్పేవాళ్ళు ఎందుకు ఆగారో, ఎందుకు మళ్ళీ చెప్పారో అర్థం కాదు.

మాటని పలికినట్టే రాయండి. కోస్తాలో "ఎళ్తన్నా", తెలంగాణలో "పోతున్న" అంటే అవే ఉండాలి. వెతుక్కోవడానికి దాని కిందే ఇంకో టైర్ పెట్టి మామూలు వర్ణక్రమంలో రాసుకోండి. దీనికి సింబాలిక్ అసోసియేషన్ అనే టైర్ రకం (పై ముక్క ఒక్కోదానికి కింద ఒక్కో ముక్క) సరిపోతుంది. తల ఊపడం, చూపు, చేతి సైగ లాంటివి మాత్రం మాట టైర్ కింద పెట్టకండి. ఇన్‌క్లూడెడ్ ఇన్ అనే రకం ఎంచుకుంటే సైగ మాట హద్దు దాటి బయటికి రాలేదు, నిజానికి తల ఊపడం చాలాసార్లు మాటకంటే ముందే మొదలవుతుంది. వాటిని స్వతంత్ర టైర్లుగానే ఉంచండి. పని సగంలో ఉండగా టైర్ రకం మార్చడం పెద్ద గోల కాబట్టి ఇవన్నీ ఖాళీ ఫైల్లో ముందే సరిచూసుకుని టెంప్లేట్‌గా దాచుకోవాలి.

నష్టం జరిగే చోటు ఒకటుంది. పై టైర్‌లో ఒక ముక్క చెరిపితే దాని కింద ఆధారపడ్డ టైర్లలోవీ పోతాయి. ఆటోమేటిక్ బ్యాకప్ ఐదు నిమిషాలకి పెట్టుకోవడం తప్పనిసరి. ఎలాన్ ఫైల్లో ఆడియో ఉండదు, అది కంప్యూటర్‌లో ఎక్కడుందో చెప్పే దారి మాత్రమే ఉంటుంది. ఇంకొకరికి పంపేటప్పుడు రెండూ పంపాలి. ఆడియోలో ఇంటి పేర్లు, ఫోన్ నంబర్లు వినబడతాయి కాబట్టి మాట్లాడినవాళ్ళ ఒప్పుదల లేకుండా అసలు పంపకూడదు.

నిశ్శబ్దాల లెక్కకి చేత్తో కొలవక్కర్లేదు. అందరి టైర్లనీ మర్జ్ టైర్స్‌తో ఒకటి చేసి, దాని మీద క్రియేట్ యానోటేషన్స్ ఫ్రమ్ గ్యాప్స్ నడిపితే ఎవరూ మాట్లాడని జాగాలన్నీ వాటి నిడివితో వస్తాయి. పది భాషల్ని పోల్చిన 2009 నాటి పరిశోధనలో అవునా కాదా ప్రశ్నలకి జవాబు వచ్చే సగటు విరామం సుమారు 200 మిల్లీసెకన్లని తేలింది, జపనీస్‌లో 7, డేనిష్‌లో 469. ఆ పదిలో తెలుగు లేదు. జపనీస్‌లాగే మనకీ క్రియ చివరికొస్తుంది, "వస్తున్నావా"లో చివరి "ఆ" వినేదాకా అది ప్రశ్నో కాదో తెలియదు. మన విరామం ఎంతో కొలిచి చూడాలనే కోరిక కలిగినవాళ్ళకి ఈ పనిముట్టు చేతిలోనే ఉంది.

అచ్చుకి ఇచ్చేటప్పుడు ట్రెడిషనల్ ట్రాన్‌స్క్రిప్ట్ ఎగుమతి వాడండి. 200 మిల్లీసెకన్లకి పైబడ్డ నిశ్శబ్దాలు మాత్రమే, దశాంశం తర్వాత ఒక్క అంకె, అని పెడితే చక్కగా వస్తుంది. కానీ ఒకేసారి పడ్డ మాటలు ఎక్కడ మొదలయ్యాయో చూపే చదరపు కుండలీకరణాలు ఒకదాని కింద ఒకటి కుదరవు. తెలుగు అక్షరాల వెడల్పు ఒక్కోటి ఒక్కోలా ఉంటుంది కాబట్టి స్పేస్ బార్‌తో కుదర్చబోతే ఫాంట్ మారగానే చెదిరిపోతుంది. గీతలు కనబడని పట్టిక వేసి, కుండలీకరణం నుంచి మొదలయ్యే ముక్కని రెండు వరుసల్లోనూ ఒకే నిలువు గడిలో పెట్టడం ఒక్కటే నిలబడే మార్గం.