తప్పెటా, లక్క కర్రా? విశాఖ పిల్ల చేతికి ఏది మేలు?

విశాఖ సముద్రం అడుగు నుంచి ఏదో పైకొస్తుంది. జాలరిపేట పిల్ల ఒకతి దాన్ని ఎదుర్కోవాలి. మేం నలుగురం కలిసి అల్లుతున్న బొమ్మల కథ ఇది. ఆమె చేతిలో శబ్దంతోనూ రంగు వెలుగుతోనూ పనిచేసే ఆయుధం ఉండాలని మొదట్లోనే అనుకున్నాం. గొడవంతా దాని తయారీ దగ్గరే. చివరికి రెండు నమూనాలు మిగిలాయి.

మొదటిది తప్పెట. తప్పెటగుళ్ళు చూసిన ఉత్తరాంధ్ర వాళ్ళకి దీని గురించి చెప్పక్కర్లేదు. ఛాతీకి కట్టుకున్న గుండ్రటి రేకు వాయిద్యాన్ని చేతులతో వాయిస్తూ గెంతుతారు. మా కథలో ఆ చప్పుడంతా రేకులో చేరి, రంగు వెలుగై దూసుకుపోతుంది. రెండోది లక్క కర్ర. ఏటికొప్పాక బొమ్మలకి వాడే అంకుడు కర్రే, దాని మీద వరసగా లక్క పట్టీలు: జాఫ్రా గింజల ఎరుపు, పసుపు, నీలిమొక్క నీలం. పగలంతా ఎండ తాగుతుంది. గట్టిగా కొడితే ఆ వెలుగు చప్పుడై బయటికొస్తుంది. అంటే తప్పెటకి తిండి శబ్దం, దెబ్బ వెలుగు. కర్రకి తిండి వెలుగు, దెబ్బ శబ్దం.

చూపులకి తప్పెటదే పైచేయి. గెంతు, దరువు, రంగుల జల్లు: పేజీ నిండిపోతుంది. బొమ్మలేసేవాడు మొదటి రోజే దానికి ఓటేశాడు. కర్ర పట్టుకున్న అమ్మాయిని ఎంత బాగా గీసినా మేకలు తోలుకెళ్తున్నట్టే ఉందని వాడి బాధ.

కానీ తిండి దగ్గరే తప్పెట తేలిపోతుంది. చప్పుడులో ఉండే శక్తి మనం అనుకునేదానికన్నా చాలా తక్కువ. 120 డెసిబెల్స్ అంటే చెవులు మూసుకునేంత మోత. అంత మోతలోనూ చదరపు మీటరుకు అందేది ఒక్క వాట్. మిట్టమధ్యాహ్నం ఎండ అదే చదరపు మీటరుకు దాదాపు 1000 వాట్లు ఇస్తుంది. "ఒరే, నిమజ్జనం రోజు డీజే బాక్సుల పక్కన నిలబడితే గుండెలు అదురుతాయి కదా, శక్తి లేదంటావేంటి?" అన్నాడు బొమ్మలేసేవాడు. అదురుతాయి, కాదనను. మన చెవి మరీ చురుకైంది, చదరపు మీటరుకు ఒక వాట్‌లో లక్ష కోట్లో వంతు ఉన్న చప్పుడు కూడా వింటుంది. అందుకే కొంచెం శక్తి కూడా మనకి పెద్ద మోతగా అనిపిస్తుంది. మాయాజాలం ఉండగా లెక్కలెందుకంటారా? మాయ ఎన్ని రెట్లు పెంచినా రెండింటికీ సమానంగానే పెంచాలి కదా. అప్పుడూ కర్ర వెయ్యి రెట్లు ముందే ఉంటుంది.

ఇక దెబ్బ సంగతి. వన్‌టౌన్ సందుల్లో పోరాటం పెట్టుకుంటే వెలుగు పనికిరాదు. సూటిగా పోతుంది, గోడ అడ్డొస్తే ఆగిపోతుంది. 100 హెర్ట్జ్ (సెకనుకు 100 కంపనాలు) చప్పుడు అల పొడవు మూడున్నర మీటర్ల దాకా ఉంటుంది కాబట్టి సందు మలుపు తిరిగి అవతలివాడిని పట్టుకుంటుంది. చిక్కల్లా అదే చప్పుడు మనవాళ్ళనీ పట్టుకోవడం. ఆదివారం సాయంత్రం బీచ్ రోడ్డులో కర్ర కొడితే శత్రువుతో పాటు మురీ మిక్సర్ తింటున్నవాళ్ళంతా పడిపోతారు! ఇక్కడ మాత్రం ఒక్కడికే గురిపెట్టే తప్పెట మేలు.

దీనికి విరుగుడు కర్ర పట్టీల్లోనే దొరికింది. వెలుగులో ఎరుపుది తక్కువ పౌనఃపున్యం (సెకనుకు కంపనాల లెక్క), నీలానిది ఎక్కువ. అదే వరసని చప్పుడుకీ పెట్టాం. ఎరుపు పట్టీ వదిలేది మలుపులు తిరిగే బొంగురు మోత. నీలం పట్టీ వదిలేది చెవికి అందనంత సన్నటి కూత. 20,000 హెర్ట్జ్ దాటితే గాలిలో అల రెండు సెంటీమీటర్లు కూడా ఉండదు, అందుకని సన్నటి ధారలా ఒకవైపే పంపొచ్చు. కాకపోతే అలాంటి కూతని గాలి తొందరగా మింగేస్తుంది, దగ్గరికెళ్ళి కొట్టాలి. నాకైతే అదే నచ్చింది. దూరం నుంచి అందరినీ కొట్టాలా, ప్రాణాలకి తెగించి ఒక్కడినే కొట్టాలా అని ఆమె ప్రతిసారీ తేల్చుకోవాలి.

అసలు పోరు నీళ్ళలో కాబట్టి అక్కడ ఇంక వాదనే లేదు. సముద్రంలో ఎరుపు వెలుగు మొదటి కొన్ని మీటర్లలోనే మాయమవుతుంది. నీలం ఇంకా లోపలికి వెళ్తుంది గానీ 200 మీటర్లు దాటేసరికి దాదాపు చీకటే. చప్పుడైతే గాలిలో సెకనుకు 340 మీటర్లు పోయేది, నీళ్ళలో 1500 మీటర్లు పోతుంది. ఆర్కే బీచ్‌లో మనం ఎక్కి చూసే కుర్సురా జలాంతర్గామి 1969 నుంచి 2001 దాకా నౌకాదళంలో పనిచేసింది. నీటి అడుగున దానికి శత్రువు జాడ తెలిసేది ముఖ్యంగా చప్పుడు వల్లే. ఒక్క షరతు ఉంది: గాలిలో పుట్టిన చప్పుడులో వెయ్యో వంతే నీళ్ళలోకి దిగుతుంది, మిగతాది పైనుంచే వెనక్కి తిరుగుతుంది. ఒడ్డున నిలబడి కొడితే లాభం లేదు. పడవలోంచి వంగి, కర్ర కొన ముంచి కొట్టాలి.

మధ్యలో పిస్టల్ రొయ్య గోరులాంటి తొడుగు కూడా అనుకున్నాం. ఆ రొయ్య గోరు చిటికె వేస్తే నీళ్ళలో బుడగ పుట్టి, పగిలి, ఆ చప్పుడుకే చిన్న జీవులు సొమ్మసిల్లుతాయి. పగిలేటప్పుడు క్షణంలో వెయ్యో వంతు కూడా ఉండని మెరుపు వస్తుందని 2001లో తేల్చారు. శబ్దమూ వెలుగూ రెండూ ఉన్నాయి, కానీ ఒడ్డు మీద ఉత్తి చిటికెగా మిగిలిపోతుంది. వదిలేశాం.

నా ఓటు కర్రకే. దాని లోపం కూడా చెప్పాలి, ఎండ లేకపోతే కర్ర పస్తే. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ వచ్చినప్పటి ఆకాశం తలచుకోండి. కాస్త బుర్ర ఉన్న శత్రువెవడైనా అలాంటి రోజే చూసుకుని వస్తాడు. అందుకే తప్పెటని పారేయలేదు, ఆమె తాతకిచ్చాం. తుపాను రోజున తాత బృందమంతా ఆ పిల్ల చుట్టూ చేరి తెల్లవార్లూ వాయిస్తే, ఆ తప్పెటల వెలుగు తాగి కర్రకి ఒక్క దెబ్బకి సరిపడా బలం వస్తుంది. బొమ్మలేసేవాడికి గెంతులూ దక్కాయి, రెండు పేజీలు అడుగుతున్నాడు.