పుట్టపర్తి, హిందూపురం, పెనుకొండ: జిల్లా కేంద్రంగా ఏది మేలు?

మడకశిర బస్టాండులో పక్కన కూర్చున్న పెద్దాయన ఒళ్లో ఒక ప్లాస్టిక్ సంచి ఉంది. అందులో పట్టాదారు పాసుపుస్తకం, రెండు జిరాక్సులు, చేత్తో రాసిన అర్జీ. ఊరు రొళ్ల దగ్గర. పొలం హద్దు తగాదా గురించి కలెక్టరుకు చెప్పుకోవడానికి పుట్టపర్తికి బయలుదేరారు. "మధ్యాహ్నం దాటితే అర్జీలు తీసుకుంటారా నాయనా?" అని మూడుసార్లు అడిగారు. జిల్లా కేంద్రం ఎక్కడుండాలన్న ప్రశ్న వచ్చినప్పుడల్లా నాకు ఆయనే గుర్తుకొస్తారు.

2022 ఏప్రిల్ 4న అనంతపురం జిల్లాను విడదీసి, పుట్టపర్తి కేంద్రంగా శ్రీ సత్యసాయి జిల్లాను ఏర్పాటు చేశారు. కొత్త జిల్లాలకు లోక్‌సభ స్థానాలే ప్రాతిపదిక అన్నారు కాబట్టి, హిందూపురం స్థానానికి హిందూపురమే కేంద్రమవుతుందని అక్కడివారు ఆశపడ్డారు. అది దక్కదని ముసాయిదా ప్రకటనతోనే తేలేసరికి బంద్‌లు, దీక్షలు జరిగాయి. ఎమ్మెల్యే బాలకృష్ణ ఆ ఏడాది ఫిబ్రవరిలోనే మౌనదీక్షకు కూర్చున్నారు.

వారి వాదనలో బలం ఉంది. 2011 లెక్కల ప్రకారం హిందూపురం జనాభా లక్షన్నర, పుట్టపర్తి జనాభా 15 వేల పైచిలుకు. చింతపండు మార్కెట్, పట్టుగూళ్ల మార్కెట్, బెంగళూరుతో రోజువారీ రాకపోకలు, పక్కనే లేపాక్షి. పట్టుగూళ్ల మార్కెట్లో ఒక ఉదయం నిలబడితే ఆ ఊరి సత్తా తెలుస్తుంది. రైతు గూళ్లను తొట్టెలో కుమ్మరిస్తాడు, వ్యాపారి గుప్పెడు తీసి వేళ్లతో నొక్కి చూస్తాడు, రైతు కళ్లు ఆ వేళ్ల మీదే ఉంటాయి. అయితే ఈ ఊరు బతకడానికి కలెక్టరేటు అక్కర్లేదు. పైగా జిల్లాకు దక్షిణపు అంచున, కర్ణాటక సరిహద్దును ఆనుకుని ఉంది. కదిరి వైపున్న తలుపుల, తనకల్లు నుంచి వచ్చేవారికి హిందూపురం చాలా దూరం.

పుట్టపర్తి సంగతి వేరు. ఒకప్పుడు చిత్రావతి ఒడ్డున, గుట్టల నడుమ ఉన్న చిన్న పల్లె అది. సత్యసాయిబాబా అక్కడ పుట్టకపోయి ఉంటే బుక్కపట్నం చెరువు దగ్గరి ఊళ్లలో ఒకటిగానే మిగిలేది. 1981లో విశ్వవిద్యాలయం, ఆ తర్వాత విమానాశ్రయం, 1991లో ఉచితంగా గుండె ఆపరేషన్లు చేసే సూపర్ స్పెషాలిటీ ఆసుపత్రి, 2000లో రైల్వేస్టేషన్ వచ్చాయి. 2011లో బాబా కన్నుమూశాక భక్తుల రాక తగ్గింది, లాడ్జీలు, దుకాణాలు వెలవెలబోయాయి. జిల్లా కేంద్రం హోదా ఆ ఊరికి మళ్లీ ఊపిరి పోసింది. ధర్మవరానికి, కదిరికి అందుబాటులో ఉంది కూడా. కానీ హైదరాబాద్-బెంగళూరు జాతీయ రహదారి మీద లేదు, రైల్వేస్టేషన్ ఊరికి దూరం. మడకశిర వైపు మండలాలకైతే మరీ కష్టం. అగళి, రొళ్ల వాళ్లకు కర్ణాటకలోని శిర పట్టణం తమ కలెక్టరేటు కన్నా ఎంతో దగ్గర.

నా మాట అడిగితే పెనుకొండ. ఆ ఊరికి రాజధానిగా ఉండటం కొత్త కాదు. 1565లో తళ్లికోట యుద్ధం తర్వాత తిరుమలరాయలు విజయనగర రాజ్యాన్ని ఏలింది ఈ ఘనగిరి నుంచే. ఇప్పుడు ఆ హైదరాబాద్-బెంగళూరు రహదారే, అంటే 44వ నంబరు జాతీయ రహదారి, ఊరిని ఆనుకుని పోతోంది, రైలు ఉంది, రెవెన్యూ డివిజన్ కార్యాలయం ఉంది. దగ్గర్లోనే 2019 నుంచి కియా కార్లు తయారవుతున్నాయి. మడకశిర, హిందూపురం, ధర్మవరం మూడింటికీ ఇది నడుమనే ఉంది. కదిరి వాళ్లకు కాస్త దూరమవుతుంది, నిజమే. ఎక్కడ పెట్టినా ఎవరో ఒకరు ఎక్కువ దూరం నడవాల్సిందే కానీ, పెనుకొండ అయితే అందరికన్నా దూరాన ఉన్నవాడి బాధ తగ్గుతుంది. ఆ లెక్కన పుట్టపర్తి రెండోది, హిందూపురం మూడోది. హిందూపురం మిత్రులకు ఇది రుచించదని తెలిసే చెబుతున్నాను.

అయినా ఇప్పుడు కార్యాలయాలను మళ్లీ కదిలించమని నేను అనను. ఒకసారి మార్చినందుకే ఎన్ని దస్త్రాలు, ఎంతమంది ఉద్యోగుల పిల్లల చదువులు చెదిరాయో చూశాం. నెలలో ఒక సోమవారమైనా కలెక్టరు పెనుకొండలో కూర్చుని అర్జీలు తీసుకోవాలి. అమరాపురం నుంచి మడకశిర, పెనుకొండ మీదుగా పుట్టపర్తికి తెల్లవారుజామున ఒక బస్సు నేరుగా నడవాలి. పది గంటలకల్లా ఆ పెద్దాయన వరుసలో నిలబడగలగాలి.