కోర్టే లాయరు మీద వేలెత్తితే, విచారణ ఎవరి దగ్గర మేలు?

సైప్రస్‌లోని లిమసోల్ కోర్టు, 2001 ఫిబ్రవరి. హత్యకేసులో డిఫెన్స్ లాయరు కిప్రియాను పోలీసు సాక్షిని క్రాస్ ఎగ్జామిన్ చేస్తున్నారు. జడ్జీలు మధ్యలో అడ్డుతగిలారు. ఆయనకు ఒళ్లు మండి కేసులోంచి తప్పుకుంటానన్నారు. కుదరదన్నారు. నేనిక్కడ ప్రశ్నలడుగుతుంటే మీరు ఒకరికొకరు ‘రవసాకియా’ అందించుకుంటున్నారని ఆయన అనేశారు. ఆ గ్రీకు మాటకు చీటీలని చెప్పుకోవచ్చు, ప్రేమలేఖలనీ చెప్పుకోవచ్చు. జడ్జీలు లేచి లోపలికెళ్లి కాసేపటికి తిరిగొచ్చారు. అదేరోజు ఐదు రోజుల జైలుశిక్ష పడింది. మాట పడ్డదీ, అది నేరమని తేల్చిందీ, శిక్ష వేసిందీ ఆ జడ్జీలే.

2005లో యూరప్ మానవ హక్కుల కోర్టు విస్తృత ధర్మాసనం (గ్రాండ్ ఛాంబర్) ఇది నిష్పాక్షిక విచారణ కాదని తేల్చింది. సరే, ఆ జడ్జి కాకపోతే మరెవరు వినాలి? ఉన్న దారులు మూడు: అదే జడ్జి, వేరే జడ్జి, బార్ కౌన్సిల్ లాంటి లాయర్ల క్రమశిక్షణ సంస్థ. చాలామంది లెక్కలోకి తీసుకోని నాలుగో దారి ఒకటుంది, దాని సంగతి తర్వాత.

అదే జడ్జి వినడం ప్రతిసారీ తప్పేమీ కాదు. 2023లో న్యూయార్క్‌లో ఓ విమానయాన సంస్థపై వేసిన దావాలో లాయర్లు చాట్‌జీపీటీ అల్లిచ్చిన లేని తీర్పులు దాఖలు చేశారు. జడ్జి షోకాజ్ నోటీసిచ్చారు, గడువిచ్చారు, విచారణ పెట్టి వాళ్ల మాట విన్నారు, ఆ తర్వాతే 5,000 డాలర్ల జరిమానా వేశారు. ఆ తీర్పులు ఉన్నాయా లేవా అన్నది కాగితం మీదే తేలిపోతుంది. జడ్జిని ఎవరూ తిట్టలేదు కూడా. దెబ్బ జడ్జికే తగిలినప్పుడు కథ వేరు. అప్పుడు ఆయన సాక్షి, ఫిర్యాదీ కూడా. కుర్చీ దిగమనడం ఆయన్ని శంకించినట్టు కాదు.

వేరే జడ్జి దగ్గరికి పంపే ఏర్పాటు మన చట్టంలో ఉంది. హైకోర్టు, సుప్రీంకోర్టుల్లో జడ్జి ఎదుటే ధిక్కారం జరిగిందంటే, ఆరోపణ ఎదుర్కొంటున్నవాళ్లు మరో జడ్జి వినాలని అడగవచ్చని 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం 14వ సెక్షన్ చెబుతుంది. అయితే అడిగితే ఇచ్చి తీరాలని లేదు. అది సాధ్యమనీ న్యాయానికి మేలనీ ఆ కోర్టుకు అనిపిస్తేనే విషయం ప్రధాన న్యాయమూర్తి ముందుకెళ్తుంది, ఆపైన విచారణ ఎలాగన్నది ఆయన చెబుతారు. ఇంకో మెలిక ఉంది, దీన్ని మాత్రం నేను జీర్ణించుకోలేను. వేరే జడ్జి విన్నా, మొదటి జడ్జి సాక్షిగా రానక్కర్లేదు. ఆయన రాసిచ్చిన వాంగ్మూలమే సాక్ష్యం. జీవితమంతా సాక్షుల్ని క్రాస్ చేసిన మనిషి తన కేసుకొచ్చేసరికి ఒక కాగితానికి జవాబు చెప్పుకోవాలి.

జడ్జిని మార్చినంత మాత్రాన పనైపోదనడానికి వినయ్ చంద్ర మిశ్రా కేసు చూడండి. ఆయన అప్పట్లో బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా చైర్మనే. అలహాబాద్ హైకోర్టు జడ్జి ఎదుట నోరు జారారన్నది ఆరోపణ. ఆ జడ్జి స్వయంగా శిక్ష వేయలేదు, లేఖ రాశారు. అది సుప్రీంకోర్టుకు చేరింది. 1995లో ఆరువారాల జైలుశిక్ష వేసి అమలును నిలిపి ఉంచారు. అంతవరకూ ధిక్కారమే. దాంతోపాటు మూడేళ్లు ప్రాక్టీసు చేయొద్దన్నారు. ధిక్కారానికి పిలిచి సనదు (లాయరుగా పనిచేసే లైసెన్సు) మీద చెయ్యి వేశారన్నమాట! 1998లో ఐదుగురు జడ్జీల రాజ్యాంగ ధర్మాసనం దీన్ని సరిదిద్దింది. వృత్తిపరమైన దుష్ప్రవర్తనకు సనదు నిలిపివేసే అధికారం 1961 నాటి అడ్వకేట్స్ చట్టం ప్రకారం బార్ కౌన్సిల్‌ది, ధిక్కార కేసులో కోర్టు ఆ పని చేయకూడదని చెప్పింది.

అలాగని బార్ కౌన్సిల్‌కు అప్పగించి చేతులు దులుపుకోలేం. మంచి ఏమిటంటే మెట్లున్నాయి: రాష్ట్ర బార్ కౌన్సిల్ క్రమశిక్షణ కమిటీ, అక్కణ్నుంచి బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియాకు, ఆపైన సుప్రీంకోర్టుకు అప్పీలు. ఏడాదిలో తేల్చకపోతే ఫైలు బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియాకు వెళ్లిపోతుంది. విచారించేది తోటి లాయర్లు. మనవాడేలే అన్న మెతకదనం ఉండొచ్చు, పాత పోటీ కూడా ఉండొచ్చు. అమెరికాలో రుఫాలో అనే లాయరుపై 12 అభియోగాలతో క్రమశిక్షణ బోర్డు విచారణ మొదలుపెట్టింది. ఆయన తనను సమర్థించుకుంటూ సాక్ష్యం చెప్పాక, ఆ మాటల్లోంచే పదమూడోది తీసి తగిలించారు! చివరికి ముంచింది అదే. 1968లో అక్కడి సుప్రీంకోర్టు, అభియోగమేమిటో విచారణ మొదలుకాకముందే తెలియాలంటూ దాన్ని కొట్టేసింది.

ఇక ఆ నాలుగోది. నోటీసు ఉండదు, విచారణ ఉండదు. క్లయింటు కేసులో తీర్పొస్తుంది, చదువుకుంటూ వెళ్తే మధ్యలో లాయరు మీద రెండు వాక్యాలు: కోర్టును తప్పుదోవ పట్టించారనో, ఉన్నది దాచారనో. చేతిలో కేసు లేదు, పేరు మాత్రం పోయింది. నాలుగింటిలోకీ నా దృష్టిలో ఇదే అధ్వానం. ఎవరి మీదైనా తీర్పులో వ్యాఖ్య చేసే ముందు చూడాల్సినవి 1963లో మహమ్మద్ నయీమ్ కేసులోనే సుప్రీంకోర్టు చెప్పింది: ఆ మనిషికి సంజాయిషీ చెప్పుకునే అవకాశం దొరికిందా, రికార్డులో ఆధారముందా, కేసు తేల్చడానికి ఆ వ్యాఖ్య అవసరమా. ఒక లాయరుపై ఉత్తరాఖండ్ హైకోర్టు రాసిన వ్యాఖ్యల్ని 2021లో సుప్రీంకోర్టు ఆ కొలతతోనే తొలగించింది.

నన్నడిగితే కోర్టుహాల్లో జరిగిన గొడవకు వేరే జడ్జి, సనదు పోయేంత ఆరోపణకు బార్ కౌన్సిల్ మేలు. ఈ రెండింటిలోనూ అభియోగం ముందే రాతలో ఉండాలి. కాగితం మీదే తేలిపోయే తప్పుకు అదే జడ్జి చాలు, నోటీసిస్తే.

ఎవరు విన్నా తీరని చిక్కు ఒకటుంది. లాయరు దగ్గర తనను కాపాడే కాగితమే ఉండొచ్చు, కానీ అది క్లయింటు రహస్యం. క్లయింటు ఒప్పుకోనిదే బయటపెట్టకూడదు. ఇంగ్లండ్‌లో ఇద్దరు బారిస్టర్లు ఆధారం లేకుండా మోసం ఆరోపణలు చేశారని ఖర్చులు వాళ్ల నెత్తిన వేశారు. క్లయింటు రహస్యాన్ని వదులుకోలేదు, వాళ్లు నోరు విప్పలేదు. 2002లో, అప్పట్లో అక్కడి అత్యున్నత న్యాయస్థానమైన ప్రభువుల సభ ఆ ఉత్తర్వును రద్దు చేసింది. ఆ కాగితం బయటికొచ్చినా వాళ్లు చెప్పుకోవడానికి ఏమీ ఉండదని నమ్మకం కుదిరితే తప్ప అలా వేయడం న్యాయం కాదంది.