ఏ రాజు రాక చూడాలి: 1918 బ్రస్సెల్సా, 1945 ఓస్లోనా?

యుద్ధం అయ్యాక రాజు తిరిగొచ్చిన పాత ఫిల్ములు చూద్దామనుకునేవాళ్లకి నేను రెండు చెప్తా, బెల్జియం రాజు ఆల్బర్ట్‌ది ఒకటి, నార్వే రాజు ఏడో హాకోన్‌ది ఇంకోటి. ఒక్కటే చూసే టైం ఉంటే మాత్రం ఆల్బర్ట్‌దే చూడండి.

1914 ఆగస్టు 20న జర్మన్లు బ్రస్సెల్స్‌లోకి వచ్చేశారు. ఆల్బర్ట్ దేశం వదల్లేదు, ఈజర్ నది దగ్గర మిగిలిన చిన్న ముక్కలో సైన్యంతోనే ఉండిపోయాడు, రాణి ఎలిజబెత్ అక్కడి ఆసుపత్రిలో గాయపడ్డ సిపాయిలకి సేవ చేసింది. కానీ బ్రస్సెల్స్ జనానికి నాలుగేళ్ల పైన రాజు కనపడలేదు, ఇంట్లో రేడియోలుండే కాలం కాదు కాబట్టి గొంతూ వినపడలేదు. 1918 నవంబర్ 22న గుర్రం మీద వస్తుంటే వాళ్లు కళ్లారా చూశారు, ఫిల్ము మూకీ కాబట్టి మనమూ కళ్లతోనే పట్టుకోవాలి, నాకు అదే గుండెకి తగులుతుంది.

హాకోన్ సంగతి వేరు. జర్మన్లు నార్వే మీద పడ్డాక, 1940 జూన్ 7న అక్కడి ట్రోమ్సో రేవులో ఓడెక్కి లండన్ చేరాడు, అక్కణ్ణుంచి బీబీసీలో మాట్లాడేవాడు, 1941లో జర్మన్లు రేడియోలు లాగేసుకున్నా జనం దొంగచాటుగా విన్నారు, గోడల మీద హెచ్ 7 అని, అంటే ఏడో హాకోన్ అని, గీశారు. సరిగ్గా ఐదేళ్లకి, 1945 జూన్ 7న ఓస్లోలో దిగాడు. గొంతుతో బతికిన రాజు కాబట్టి సౌండ్ ఫిల్మే న్యాయం, పిల్లలతో కూర్చుని చూడాలన్నా ఇదే తేలిక. కాకపోతే అప్పటి న్యూస్‌రీళ్లలో, అంటే సినిమా హాళ్లలో వేసే వార్తల ఫిల్ముల్లో, వ్యాఖ్యానం మీద పడిపోతుంది, ఇక్కడ ఆనందించండి అని ఎవరో చెప్తున్నట్టుంటుంది.

ఆల్బర్ట్ ఫిల్ము చూసేటప్పుడు ఒక్క జాగ్రత్త. అప్పట్లో కెమెరా హ్యాండిల్ చేత్తో తిప్పి తీసేవాళ్లు, సెకనుకి 16, 18 ఫ్రేములు అలా వచ్చేవి, దాన్ని 24లో ఆడిస్తే గుర్రాలు టకటకా పరిగెడతాయి, రాజు సెల్యూట్ కీ ఇచ్చిన బొమ్మలా అయిపోతుంది, అంత పెద్ద రోజుకి అది అన్యాయం. అలాంటి కాపీ దొరికితే ప్లేయర్‌లో స్పీడ్ 0.75 పెట్టండి, నడక మనిషి నడకలా కుదురుకుంటుంది.

ఆ ఊరేగింపులో రాజుతోపాటు బ్రిటన్ రాజు కొడుకు ఒకాయన కూడా గుర్రం మీద వచ్చాడు, అప్పటికి 22 ఏళ్లు. తర్వాత ఆరో జార్జ్ అయింది ఆయనే, మన తాతల కాలం అణాల మీద ఉండే తల. ఆ గుర్రాల వరసలో ఆయన కోసం వెతకండి.