బేస్ లోపలి ఇల్లా, బయట అద్దె ఇల్లా?

అమెరికా సైన్యంలో ఇంటి భత్యాన్ని బీఏహెచ్ అంటారు. ర్యాంకు, పనిచేసే చోటి జిప్ కోడ్, కుటుంబం ఉందా లేదా అన్నది చూసి ఇస్తారు. పిల్లలు ఇద్దరైనా నలుగురైనా అంతే. పన్ను ఉండదు.

బేస్ లోపల ప్రైవేటు సంస్థ నడిపే ఇంట్లో దిగితే, మామూలుగా భత్యమంతా అద్దె కిందే పోతుంది. డ్యూటీ మాత్రం దగ్గర.

బయటైతే లెక్క మన చేతిలో ఉంటుంది. ఉదాహరణకు 2,000 డాలర్లు వస్తే, అద్దెకు 1,650, కరెంటు, నీళ్లకు 200 పోగా 150 మిగులుతాయి. కారు ఖర్చు అందులోంచే. ఇంటి ఖర్చులో సుమారు 5 శాతం సైనికుడే భరించాలని భత్యం లెక్కలోనే ఉంది, కాబట్టి పెద్ద ఇంటికి ఆశపడొద్దు. బదిలీ వస్తే లీజు టెన్షన్ అక్కర్లేదు: ఆర్డర్ల కాపీ జతచేసి రాసిస్తే మధ్యలోనే రద్దు చేసుకునే హక్కు ఫెడరల్ చట్టం ఇచ్చింది.

పసిపిల్లలుంటే నా ఓటు లోపలి ఇంటికే.