‘డ్రాగ్‌నెట్’ కంప్లీట్ సెట్ అని అమ్ముతున్న డీవీడీలతో జాగ్రత్త

అమెరికాలో ఉంటూ పాత బ్లాక్ అండ్ వైట్ టీవీ సీరీస్ డీవీడీలు కొనే మన వాళ్ల కోసం ఈ పోస్టు. 1951 నుంచి 1959 దాకా అమెరికా టీవీ చానెల్ ఎన్‌బీసీలో వచ్చిన పోలీసు సీరీస్ ‘డ్రాగ్‌నెట్’ను ‘కంప్లీట్ సీరీస్’ అని ఆన్‌లైన్‌లో ఒక సెల్లర్ పెడితే కొన్నాను. వచ్చినదాంట్లో సీరీస్‌లో పావు వంతు కూడా లేదు. డబ్బులు వెనక్కి ఇవ్వమంటే, సీల్ తీసిన డిస్కులు తీసుకోం అన్నారు. సీల్ తీయకుండా లోపల ఏముందో ఎవరికి తెలుస్తుంది?

ముందు అట్ట సంగతి. దాని మీద రంగుల ఫోటోలో, ఈ సీరీస్ తీసి అందులో సార్జెంట్ జో ఫ్రైడేగా నటించిన జాక్ వెబ్ పక్కన నటుడు హ్యారీ మోర్గన్ ఉన్నారు. సార్జెంట్ జో ఫ్రైడేకి జోడీగా మోర్గన్ వచ్చింది 1967లో మళ్లీ మొదలైన కలర్ సీరీస్‌లో. పాతదాంట్లో ఎక్కువ కాలం ఆ జోడీ బెన్ అలెగ్జాండర్. పాత సీరీస్ పేరు చెప్పి మోర్గన్ బొమ్మ వేశారంటే అక్కడే ఆగిపోండి.

ఇక లెక్క. పాత సీరీస్ మొత్తం 276 ఎపిసోడ్లు. ఒక్కోటి 26 నిమిషాలు అనుకున్నా దాదాపు 120 గంటలు. మామూలు డీవీడీలో చూడదగ్గ క్వాలిటీతో పట్టేది రెండు గంటలు, రెండు పొరలుండే డ్యూయల్ లేయర్ డిస్కు అయితే నాలుగు. నాకొచ్చినవి ఎనిమిది డిస్కులు. అడుగు భాగం ఊదారంగులో ఉంది, అంటే ఫ్యాక్టరీలో ముద్రించినవి కావు, కంప్యూటర్‌లో రాసినవి. తడి వేలు తగిలితే లేబుల్ మీది ఇంకు అంటుకుంది.

లోపల ఉన్నవి కూడా తిప్పితిప్పి అవే. తర్వాతి రోజుల్లో ఈ ఎపిసోడ్లనే ‘బ్యాడ్జ్ 714’ పేరుతో లోకల్ స్టేషన్లకు అమ్మారు. ఆ పేరుతో ఉన్న కాపీలను వేరే ఎపిసోడ్లుగా లెక్కేశారు. అదీ చాలక 1949లో మొదలైన రేడియో ‘డ్రాగ్‌నెట్’ ఆడియోకి ఒక ఫోటో అతికించి వాటినీ కలిపేశారు. క్రిస్మస్‌కి కొన్న .22 రైఫిల్ కథ 1952 నాటి టీవీ ఎపిసోడ్‌గా ఒకసారి, రేడియోగా ఇంకోసారి ఉంది. ఈ సీరీస్‌లో చాలా పేర్లు ‘ది బిగ్’ అనే మొదలవుతాయి కాబట్టి లిస్టు పైపైన చూస్తే ఏది రిపీటో పట్టుకోవడం కష్టం.

నాకు అన్నిటికంటే బాధ కలిగించింది మొదలు, చివర కోసేయడం. ఆ నాలుగు స్వరాల మ్యూజిక్, తెర మీద బ్యాడ్జ్, ఈ కథ నిజం, అమాయకుల కోసం పేర్లు మాత్రమే మార్చాం అని చెప్పే గొంతు, ఇవి లేకుండా అది ‘డ్రాగ్‌నెట్’ ఎలా అవుతుంది? లాస్ ఏంజెలిస్ పోలీసుల కేసు ఫైళ్ల నుంచి కథలు తీసుకుని, పోలీసులు మాట్లాడే తీరు దాకా వెబ్ అంత శ్రద్ధగా తీశారు. చివర్లో శిక్ష ఎంత పడిందో చెప్పే కార్డు కూడా కొన్నిటిలో మధ్యలోనే తెగిపోయింది.

ఇలాంటి సెట్లు ఎందుకింత ఎక్కువంటే, అప్పటి అమెరికా చట్టం ప్రకారం 28 ఏళ్లకు కాపీరైట్ రెన్యూ చేయించాలి. కొన్ని ఎపిసోడ్లకు అది జరగలేదు. కాబట్టి వాటిని ఎవరైనా కాపీ చేసి అమ్ముకోవచ్చు. అది తప్పేం కాదు. ఆ కొన్నిటినే ‘కంప్లీట్’ అని అమ్మడం మోసం. అవే ఎపిసోడ్లు చాలావరకు పాత వీడియోలు, పుస్తకాలు దాచిపెట్టే ఇంటర్నెట్ ఆర్కైవ్ వెబ్‌సైట్‌లో ఫ్రీగా ఉన్నాయి, ముందు అక్కడ చూడండి.

కొనాలనుకుంటే ఎపిసోడ్ల లిస్టు ప్రసార తేదీలతో సహా పంపమని సెల్లర్‌ని అడగండి. తేదీలు ఇవ్వకపోతే వదిలేయండి. ఇప్పటికే కొని ఇరుక్కున్నవాళ్లు లిస్టింగ్ పేజీని వెంటనే స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి. నేను కంప్లైంట్ పెట్టాక మా సెల్లర్ ‘కంప్లీట్’ తీసేసి ‘కలెక్షన్’ అని మార్చేశాడు. పాత స్క్రీన్‌షాట్, డిస్కుల ఫోటోలు జతచేసి క్రెడిట్ కార్డు కంపెనీలో డిస్ప్యూట్ వేశాను, ఇంకా తేలలేదు.