హొరమావులో మా ఇల్లు: విడిగా పెట్టుకున్న సైటు పర్యవేక్షణ సేవపై సమీక్ష

బెంగళూరు హొరమావులో ముప్పై బై నలభై స్థలంలో 2024లో మేము కట్టుకున్న రెండంతస్తుల ఇంటికి, కాంట్రాక్టరుతో ఏ సంబంధమూ లేని ఒక పర్యవేక్షణ సంస్థను విడిగా పెట్టుకున్నాము. పునాది నుంచి బయటి రంగు వరకు ఇంజనీరు 24 సార్లు సైటుకు వచ్చి చూడాలని, చూసిన ప్రతిసారీ ఫోటోలతో నివేదిక ఇవ్వాలని, అందుకు లక్షా ఇరవై వేల రూపాయలని మాట్లాడుకున్నాము. వారి పనిలో మనసారా మెచ్చుకోవలసినదీ ఉంది, గట్టిగా తప్పు పట్టవలసినదీ ఉంది. అందువల్ల పేరు రాయకుండా, ఇలాంటి సేవ తీసుకోబోయేవారికి పనికివచ్చే విషయాలను మాత్రమే చెబుతున్నాను.

మా కాంట్రాక్టరు చెడ్డవాడు కాదు. అయితే చదరపు అడుగుకు ఇంత అని ఒప్పుకున్నవాడికి పని ఎంత త్వరగా ముగిస్తే అంత లాభం. నేను ఉదయం వైట్‌ఫీల్డుకు వెళితే చీకటి పడ్డాకే తిరిగి వస్తాను. సైటులో ఉండేది కర్నూలు నుంచి వచ్చిన మా నాన్నగారు ఒక్కరే. నీళ్లు కట్టించడం, సిమెంటు బస్తాలు లెక్క పెట్టడం ఆయన శ్రద్ధగా చూసుకున్నారు గానీ, స్తంభంలో నిలువు చువ్వల చుట్టూ కట్టే రింగులు ఎంత దూరంలో ఉండాలో ఆయనకు గానీ నాకు గానీ ఏమి తెలుస్తుంది? గోడ వంకరగా ఉంటే ఎవరి కంటికైనా కనబడుతుంది. కాంక్రీటు పోసిన తర్వాత లోపలి ఇనుము మాత్రం ఎవరికీ కనబడదు. మేము డబ్బు కట్టింది ముఖ్యంగా ఆ కనబడని భాగం కోసమే.

మొదటి స్లాబుకు ముందు రోజు జరిగిన తనిఖీని చెబితే ఈ సేవ విలువ తెలుస్తుంది. వచ్చిన ఇంజనీరు ముప్పై ఏళ్లయినా నిండని కన్నడ అమ్మాయి. సెంట్రింగ్ పలకల మీద మోకాళ్లపై కూర్చుని, బీము పెట్టె పక్క పలకకూ చువ్వకూ మధ్య చూపుడు వేలు దూర్చబోయింది. వేలు దూరలేదు. అక్కడ 25 మిల్లీమీటర్ల ఖాళీ ఉండాలి. చువ్వను పలకకు తగలకుండా ఎడంగా ఉంచే చిన్న దిమ్మలు, అంటే కవర్ బ్లాకులు, కట్టకపోవడం వల్ల చువ్వ పలకకు ఆనుకుని ఉంది. ఆ తర్వాత టేపు పెట్టి ఫోటో తీసి, రింగుల కొనలు చూపించింది. వాటిని 135 డిగ్రీల దాకా లోపలికి వంచి కాంక్రీటు గర్భంలోకి పోనివ్వాలి. మావాళ్లు లంబకోణంలో వంచి వదిలేశారు. అన్నింటికంటే ముఖ్యమైనది, స్తంభమూ బీమూ కలిసే చోట నాలుగు స్తంభాలకు రింగులే లేవు. బీము చువ్వలు అడ్డంగా పరిచాక ఆ ఇరుకులో రింగు ఎక్కించడం కష్టం కాబట్టి వదిలేస్తారట.

మేస్త్రిది హిందూపురం. "ఇరవై ఏండ్ల నుంచి ఇట్లే కడతా ఉండాం మేడమ్, ఏ ఇల్లూ పడిపోలేదు" అన్నాడు. ఆమె విసుక్కోలేదు, గొంతు పెంచలేదు. వచ్చీరాని తెలుగులోనే, భూమి అదిరినప్పుడు పైపొర కాంక్రీటు రాలిపోతే లంబకోణపు కొన విచ్చుకుంటుందని, లోపలికి వంచిన కొన పట్టు వదలదని, చేతిలో ఉన్న కట్టుడు తీగతో ఒక చిన్న రింగు చేసి లాగి చూపించింది. చువ్వను కప్పే ఆ కాంక్రీటు పొర, అంటే కవరు, ఎందుకో కూడా అలాగే చెప్పింది: తుప్పు పట్టిన ఇనుము ఉబ్బుతుంది, ఉబ్బితే కాంక్రీటును పగలగొట్టుకుని బయటికి వస్తుంది. మేస్త్రి ఇంకేమీ అనలేదు. మర్నాడు ప్లాంటులో కలిపి లారీల్లో రావలసిన రెడీమిక్స్ కాంక్రీటును ఒక రోజు వెనక్కి జరిపి, ఆ సాయంత్రమంతా కూర్చుని రింగులు సరిచేశారు. రెండో స్లాబుకు అదే మేస్త్రి ఎవరూ చెప్పకుండానే కవర్ బ్లాకులు కట్టించుకుని సిద్ధంగా ఉన్నాడు. పర్యవేక్షణ అంటే తప్పులు రాసుకుని వెళ్లడం కాదని నాకు అక్కడే అర్థమయింది.

స్లాబు పోసిన రోజు కూడా ఆమె పొద్దుటి నుంచి సైటు వదలలేదు. టిన్ ఫ్యాక్టరీ అనే కూడలి దగ్గర ట్రాఫిక్‌లో ఇరుక్కున్న రెండో లారీ వచ్చేసరికి కాంక్రీటు గట్టిపడుతున్నట్టు కనిపించింది. డ్రైవరు పైపు తీసి డ్రమ్ములోకి నీళ్లు వదలబోతే ఆపింది. చీటీ మీద లోడు చేసిన సమయం చూసి, రెడీమిక్స్‌కు ఉన్న భారతీయ ప్రమాణం ఐఎస్ 4926 ప్రకారం రెండు గంటల గడువులో ఇంకా పది నిమిషాలు మిగిలి ఉన్నాయని లెక్క వేసి, ప్లాంటు మనిషి చేత కాంక్రీటును మళ్లీ జారుడుగా చేసే రసాయనం కలిపించి, ఆ జారుడును (స్లంపు) కొలిచిన తర్వాతే పోయనిచ్చింది. నీళ్లు కలిపితే పోయడం సులభమే. బలం మాత్రం అక్కడే తగ్గుతుంది.

ఆ మార్చి నెల నగరమంతా నీటి కరువుతో అల్లాడుతున్న నెల. నిర్మాణాలకు తాగునీరు వాడకూడదని జలమండలి నిషేధం పెట్టి, అయిదు వేల రూపాయల జరిమానా ప్రకటించిన రోజులవి. క్యూరింగ్‌కు, అంటే కాంక్రీటును తడిగా ఉంచడానికి, శుద్ధి చేసిన నీటి ట్యాంకర్ల కోసం నాన్నగారు రోజూ ఫోన్లు చేసేవారు. కాంట్రాక్టరు వారం రోజులు చాలన్నాడు. మేము వాడింది పీపీసీ (పొజోలానా కలిపిన) సిమెంటు కాబట్టి కాంక్రీటు పనుల ప్రమాణం ఐఎస్ 456 ప్రకారం కనీసం పది రోజులు, వీలైతే పద్నాలుగు రోజులు తడి ఆరకూడదని ఆమె నివేదికలో రాసి ఇచ్చింది. స్లాబు మీద మడులు కట్టి నీళ్లు నిలిపాము. స్తంభాలకు గోనెసంచులు చుట్టి తడిపాము. తొమ్మిదో రోజున కాంట్రాక్టరు స్లాబు కింద ఆసరాగా నిలిపిన జాకీలు తీసి మరో సైటుకు పంపుతానన్నప్పుడు కూడా ఆ నివేదికే మమ్మల్ని కాపాడింది. మా హాలు వెడల్పు నాలుగున్నర మీటర్లు దాటింది కాబట్టి పద్నాలుగు రోజులు ఆగాలని అందులో స్పష్టంగా ఉంది. మేము పోసిన ఎం 25 రకం కాంక్రీటుతో చేసిన నమూనా ఘనాల బలం పరీక్షలు 28 రోజుల తర్వాత సరిగానే వచ్చాయి.

పైకప్పు పూర్తయ్యాక మాత్రం పరిస్థితి మారింది. ఆ ఇంజనీరును వేరే సైటుకు పంపి, మాకు ఒక కొత్త కుర్రవాణ్ణి ఇచ్చారు. అంతకన్నా పెద్ద లోపం ఒప్పందంలోనే ఉంది. 24 సందర్శనల్లో ఇరవై పునాదికీ, స్తంభాలు బీములు స్లాబులతో కూడిన ఫ్రేముకూ పోయి, బయటి పనికి నాలుగే మిగిలాయి. ఆ నాలుగూ కాంట్రాక్టరుకు డబ్బు చెల్లించే దశలకు ముడిపెట్టినవి: గోడలు పూర్తి, ప్లాస్టరింగ్ పూర్తి, కిటికీలు పూర్తి, రంగు పూర్తి. ప్రతి పనీ పూర్తయ్యాక వచ్చి చూస్తే కనబడేది పై పూత మాత్రమే. అప్పటికే కప్పబడిన దాన్ని ఎవరు చూస్తారు? ఫ్రేము విషయంలో కాంక్రీటుకు ముందు రావాలని అంత పట్టుదలగా ఉన్న సంస్థ, ప్లాస్టరింగ్‌కు ముందు రావాలని ఎందుకు అనుకోలేదో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

మా పడమటి గోడకూ పొరుగువారి గోడకూ మధ్య మూడడుగుల సందు. అందులో పరంజా కట్టడమే కష్టం, ఎక్కి చూడడం ఇంకా కష్టం. ఆ కుర్రవాడు మేడ మీది పిట్టగోడ నుంచి కిందికి తొంగి చూసి, నివేదికలో "బయటి ప్లాస్టరింగ్ సంతృప్తికరం" అని రాశాడు. ఫోటోలు తూర్పు ముఖానివే. అక్టోబరు మధ్యలో వానలు పట్టుకున్న రెండో రోజుకు పడక గది పడమటి గోడ మీద, బీము కింద అంచు వెంబడి, గీత గీసినట్టు చెమ్మ దిగింది. కిటికీ పై మూలల్లోనూ అంతే.

అదే వానల్లో, అక్టోబరు 22న, మాకు దగ్గరలోనే ఉన్న బాబుసాబ్‌పాళ్యలో కడుతున్న ఒక బహుళ అంతస్తుల భవనం కూలి కూలీలు చనిపోయారు. ఆ రాత్రి నాన్నగారు నిద్రపోలేదు. మా ఫ్రేము నివేదికలన్నీ తీయించి, స్తంభాల ఫోటోలు ఒక్కొక్కటీ చూపించమన్నారు. అవి చూశాకే ఆయన కుదుటపడ్డారు. తడిసిన గోడ మాకు బాధ కలిగించింది గానీ భయపెట్టలేదు. ఆ తేడాకు కారణం ఆ మొదటి ఇంజనీరే.

నేను గట్టిగా ఫిర్యాదు చేస్తే సంస్థ ఆమెనే మళ్లీ పంపింది. ఆమె సందులో తాడు పరంజా కట్టించి, స్వయంగా ఎక్కి, చిన్న సుత్తితో గోడ పొడవునా తట్టుకుంటూ వెళ్లింది. బీముకూ బ్లాకులకూ కలిసే చోట డొల్ల శబ్దం వచ్చింది. అక్కడ పూత కొట్టి చూస్తే లోపల ఉండవలసిన తీగ వల, అంటే వైరు మెష్, లేదు. కాంక్రీటు బీమూ సిమెంటు బ్లాకుల గోడా ఎండకూ వానకూ ఒకే తీరుగా కదలవు కాబట్టి, ఆ అతుకు మీద మెష్ వేయకుండా పూస్తే సన్నటి పగులు తప్పదని చెప్పింది. పైవరస బ్లాకులను గోడ కాస్త కుదురుకునేదాకా ఆగి బిగించవలసింది, ఒకే రోజున బీము దాకా పేర్చేశారట. కిటికీల పైన ఎండా వానా ఆపే చజ్జాల అడుగున, నీరు అంచు దగ్గరే కిందికి రాలేలా చేసే నీటిగాడి పెట్టలేదు. అందువల్ల వాన నీరు అంచు దగ్గర జారి పడకుండా చజ్జా అడుగు భాగం వెంట పాకి కిటికీ మూలలకు చేరింది. కిటికీ గట్టుకు బయటికి వాలు కూడా లేదు. ఇవన్నీ పూతకు ముందు అరపూటలో సరిచేయగలిగిన పనులు.

బాగుచేయడానికి ఎనభై అయిదు వేలు అయింది. కాంట్రాక్టరుకు ఇవ్వకుండా ఆపి ఉంచిన చివరి సొమ్ములోంచి దాన్ని తీసుకున్నాము. పర్యవేక్షణ సంస్థ మూడు సందర్శనలు ఉచితంగా చేసింది, ప్రతి దశలోనూ మెష్ కనబడేలా ఫోటోలు ఇచ్చింది, క్షమాపణ చెప్పింది. అది చాలదని నా అభిప్రాయం. చూడని గోడను చూసినట్టు రాసిన ఆ ఒక్క సందర్శన రుసుమైనా తిరిగి ఇవ్వవలసింది. రాసిన మాట మీదే ఆ రోజు నేను కాంట్రాక్టరుకు డబ్బు కట్టాను.

అయినా ఈ సేవ తీసుకోవద్దని నేను చెప్పను. ఫ్రేము వరకు వారు చేసిన పనికి నేను ఇచ్చిన రూపాయికి రూపాయిన్నర విలువ వచ్చింది. ఒప్పందం రాసుకునేటప్పుడే, పైవరస బ్లాకులు బిగించే రోజు, మెష్ కొట్టిన రోజు, చజ్జా పూతకు ముందు రోజు, కిటికీ ఫ్రేము చుట్టూ సీలెంటు వేసే రోజు రావాలని పనుల పేర్లతో సహా రాయించండి. ఇరుకు సందుల వైపు గోడలకు పరంజా ఎక్కి తీసిన ఫోటో ఉండాలని రాయించండి. ఇంజనీరును మధ్యలో మార్చాలంటే మీ అంగీకారం కావాలనీ అడగండి.

2025 మే నెలలో భారీ వర్షాలు పడ్డప్పుడు నాన్నగారు తెల్లవారుజామున లేచి పడమటి గోడను అరచేత్తో తడిమి చూశారు. పొడిగానే ఉంది. హోస్కోటె దగ్గర ఇల్లు మొదలుపెట్టిన మా బావమరిది ఇప్పుడు అదే సంస్థతో మాట్లాడుకున్నాడు. అతని ఒప్పందంలో 24 సందర్శనల్లో తొమ్మిది బయటి పనికే కేటాయించారు, వచ్చే ఇంజనీరు పేరు కూడా రాయించుకున్నాడు.